వివస్వాన్ అనే పేరు: అర్థం, వ్యుత్పత్తి, తెలుగులో రాయవలసిన రూపం

నాగావళి గట్టు (శ్రీకాకుళం)

సభ్యులందరికీ నమస్కారం. భాద్రపద బహుళంలో మాకు బాబు పుట్టాడు. రోహిణీ నక్షత్రం మూడో పాదం కాబట్టి ‘వి’ అక్షరంతో పేరు పెట్టమని మా పురోహితులు చెప్పారు. విజయ్, వినయ్, విక్రమ్, విష్ణు వంటి పేర్లు మా ఇంట్లోనూ మా ఆవిడ పుట్టింట్లోనూ ఇప్పటికే ఒకటికి రెండు ఉన్నాయి. అరసవల్లి మొక్కు వల్ల పుట్టారని మా తాతగారికి సూర్యనారాయణ అని పేరు పెట్టారట. ఆయన పేరు నిలిచేలా సూర్యుడి పేరే కావాలి, అది ‘వి’తో మొదలు కావాలి, బడిలో అదే పేరు మరో నలుగురికి ఉండకూడదు అని మేం వెతుకుతూ ఉండగా, మా మామగారు అమరకోశం తిరగేసి ‘వివస్వాన్’ అనే పేరును సూచించారు.

పేరు మా ఇద్దరికీ నచ్చింది. అయితే ఇంట్లో మూడు సందేహాలు బయలుదేరాయి. ఈ మాటకు అసలు అర్థం ఏమిటి, అది ఎలా పుట్టింది? మనుషులకు పెట్టుకోదగిన పేరేనా, లేక స్తోత్రాలకే పరిమితమైన పేరా? తెలుగులో వివస్వాన్ అని రాయాలా, వివస్వత్ అనా, వివస్వంత్ అనా, వివస్వంతుడు అనా? ఇరవై ఒకటో రోజున బారసాల పెట్టుకున్నాం. పళ్ళెంలో బియ్యం పోసి ఉంగరంతో రాసే వేళకు రూపం మీద తేడా రాకూడదని ముందుగానే అడుగుతున్నాను. పెద్దలు తెలియజేయగలరు.

బొబ్బిలి వీణ

శుభం. మీరు అరుదైన పేరు అంటున్నారు కానీ, మన ఇళ్ళలో ప్రతి పూజలోనూ ఇది వినబడుతూనే ఉంటుంది. సంకల్పంలో ‘శ్వేతవరాహకల్పే వైవస్వత మన్వంతరే’ అని చెప్పుకుంటాం కదా, ఆ వైవస్వతుడు వివస్వంతుడి కుమారుడైన మనువు. ఆదిత్య హృదయంలో ‘పూజయస్వ వివస్వంతం భాస్కరం భువనేశ్వరమ్’ అని అగస్త్యుడు రాముడికి చెప్పిన చోట నేరుగా ఈ పేరే ఉంది. అరసవల్లిలో రథసప్తమి నాడు బారులు తీరి నిలబడిన జనంలో సగంమంది ఆ శ్లోకాన్ని నోటికి చదువుతారు. చదువుతున్నది పేరుగా పెట్టుకోవచ్చని మాత్రం ఎవరికీ తోచలేదు.

చంపావతి (విజయనగరం)

నేను సంస్కృతం బోధించి పదవీ విరమణ చేసినవాణ్ణి. 1860లో మొదలైన మహారాజావారి సంస్కృత కళాశాల ఉన్న ఊరిలో ఉంటూ ఇలాంటి ప్రశ్నకు జవాబు చెప్పకపోతే బాగుండదు. కొంచెం పొడుగ్గా రాస్తున్నాను, ఓపికగా చదవండి.

ఈ మాటకు మూలరూపం ‘వివస్వత్’. ‘వివస్’ అనే తేజోవాచకం మీద ‘కలవాడు’ అనే అర్థంలో మతుప్ ప్రత్యయం చేరింది. యశస్సు గలవాడు యశస్వాన్, భాసు గలవాడు భాస్వాన్ అయినట్టే, వివస్సు గలవాడు వివస్వాన్ అయ్యాడు. మతుప్‌లోని మకారం వకారంగా ఎందుకు మారిందంటే, శబ్దంలో చివరి అక్షరానికి ముందున్న వర్ణం అకారమైతే అలా మారుతుందని పాణిని ఎనిమిదో అధ్యాయంలో సూత్రం చేశాడు. ధీమాన్, బుద్ధిమాన్ అనే మాటల్లో మకారం నిలిచి, యశస్వాన్, తేజస్వాన్, వివస్వాన్ అనే మాటల్లో వకారం రావడానికి కారణం ఇదే.

ఇక ఆ ‘వివస్’ అనేదాని లోపల ఏముందన్నది రుచికరమైన భాగం. సంస్కృతంలో ‘వస్’ అనే ధాతువు ఒకటి కాదు. నివసించడం అనే అర్థం గలది ఒకటి, వస్త్రం అనే మాటకు మూలమైన కప్పడం అనే అర్థం గలది మరొకటి. వేదభాషలో వెలగడం, తెల్లవారడం అనే అర్థం గల మూడోది ఉంది. ఉషస్సు అనే మాట ఈ మూడోదాని నుంచే వచ్చింది. వేకువకు పేరైన వ్యుష్టి, పగటికి పేరైన వాసరము కూడా ఆ కుటుంబంలోనివే. మనం భానువాసరం, ఇందువాసరం అంటున్నప్పుడల్లా ఆ పాత వెలుగు ధాతువునే పలుకుతున్నాం. ‘వి’ ఉపసర్గ ఇక్కడ విస్తారంగా అనే అర్థం ఇస్తుంది. కాబట్టి వివస్వాన్ అంటే నలుదిక్కులా వెలుగు పరుచుకుంటూ ఉదయించేవాడు. వేదపదాల వ్యుత్పత్తి చెప్పే నిరుక్తం అనే గ్రంథంలో యాస్కుడు ‘వివస్వాన్ వివాసనవాన్’ అన్నాడు, అంటే చీకటిని వెళ్ళగొట్టేవాడు అని. అమరకోశ వ్యాఖ్యాతలు కొందరు కప్పడం అనే ధాతువును పట్టుకుని, తన కాంతితో లోకాన్ని కప్పేవాడు అని చెప్పారు. ఈ రెండిట్లో నాకు మొదటిదే సబబుగా తోస్తుంది, ఎందుకంటే ఋగ్వేదంలో ఈ మాట ఉషస్సుకు విశేషణంగా కూడా వచ్చింది, అక్కడ కప్పడం అనే అర్థం పొసగదు.

అమరకోశం రాసిన అమరసింహుడు సూర్యుడి పేర్లు చెబుతూ ‘భాస్వద్వివస్వత్సప్తాశ్వ హరిదశ్వోష్ణరశ్మయః’ అన్నాడు. మీ మామగారు చూసింది ఈ పాదమే అయి ఉంటుంది. సమాసంలో ఉండటం వల్ల అక్కడ ‘వివస్వత్’ అనే ప్రాతిపదిక కనబడుతుంది. రూపం సంగతి మళ్ళీ రాస్తాను, ప్రస్తుతానికి అర్థం మాత్రం.

కొత్తూరు కుర్రాడు

గురువుగారికి నమస్కారం. పిల్లల పేర్లు చెప్పే వెబ్‌సైట్లలో ‘వివాన్’ అనే పేరుకు ఉదయకిరణాలు అనీ నిండు జీవం అనీ అర్థాలు రాస్తున్నారు. మా ఆఫీసులో ఇద్దరు తమ పిల్లలకు ఆ పేరు పెట్టారు. అది వివస్వాన్‌కు పొట్టి రూపమేనా?

చంపావతి (విజయనగరం)

వ్యాకరణం ప్రకారం వివస్వాన్ నుంచి వివాన్ సిద్ధించదు. మధ్యలోని ‘స్వ’ను తీసేసి అర్థాన్ని మాత్రం అలాగే ఉంచుకోవడం కుదరదు, ఎందుకంటే వెలుగు అనే అర్థం ఉన్నది ఆ ధాతువులోనే. ముద్దుపేరుగా పిలుచుకుంటే ఎవరికీ అభ్యంతరం ఉండదు. అర్థం చెప్పమంటేనే చిక్కు.

పర్లాకిమిడి రోడ్డు

నాయనా, నాకు సంస్కృతం రాదు గానీ, ఇంట్లో పెద్దదాన్ని కాబట్టి ఒక మాట చెబుతాను, తప్పుగా అనుకోకు. దీపావళి ముందు నరక చతుర్దశి నాడు మా వారు యమతర్పణం వదిలేటప్పుడు ‘యమాయ ధర్మరాజాయ మృత్యవే చాంతకాయ చ, వైవస్వతాయ కాలాయ’ అని చదివేవారు. ఆ వైవస్వత అనే పేరు యముడిది. పురిటి బిడ్డకు యముడి సంబంధం గల పేరు ఎందుకు అని మీ ఇంట్లో పెద్దవాళ్ళు అంటే వాళ్ళను చాదస్తులని తీసెయ్యకండి. మరొకటి, బడిలో పిల్లలు అల్లరివాళ్ళు. ‘వివస్త్ర’ అనే మాట పాఠంలో వచ్చిన రోజున ఈ బాబుకు నవ్వులాట తప్పదు.

వంశధార

అమ్మగారి సందేహం న్యాయమైనదే. నేను పౌరోహిత్యం చేసేవాణ్ణి, నామకరణాల దగ్గర ఇటువంటి ప్రశ్నలు నాకు తరచుగా ఎదురవుతాయి కాబట్టి నాకు తెలిసినంత వరకు వివరిస్తాను.

తర్పణంలో ఉన్నది వైవస్వతుడు, అంటే వివస్వంతుడి కొడుకు. దశరథుడి కొడుకు దాశరథి అయినట్టు, కొడుకును తండ్రి పేరు మీదుగా పిలవడం అది. యముడికి ఆ పేరు తండ్రి ద్వారా వచ్చింది గాని, తండ్రికి యముడి ద్వారా ఏదీ రాలేదు. కఠోపనిషత్తులో నచికేతుడు అనే బాలుడు యముడి ఇంటికి వెళ్ళినప్పుడు ‘హర వైవస్వతోదకమ్’ అంటారు, వైవస్వతా, అతిథికి నీళ్ళు తీసుకురా అని. అక్కడ కూడా ఇంటి యజమానిని తండ్రి పేరుతో గౌరవంగా పిలవడమే కనిపిస్తుంది.

ఇక సంతానం లెక్కకు వస్తే, యముడు ఒక్కడే కాదు. పురాణాల ప్రకారం వివస్వంతుడికి విశ్వకర్మ కూతురు సంజ్ఞ వల్ల వైవస్వత మనువు, యముడు, యమున పుట్టారు. ఆయన తేజస్సు తాళలేక సంజ్ఞ తన స్థానంలో ఛాయను నిలిపి తపస్సుకు వెళ్ళిపోయింది. ఛాయ వల్ల సావర్ణి మనువు, శనైశ్చరుడు, తపతి పుట్టారు. సంగతి తెలిసిన తరవాత సూర్యుడు గుర్రం రూపంలో సంజ్ఞను కలుసుకుంటే అశ్వినీ దేవతలు పుట్టారు. వీరు దేవతల వైద్యులు. ఆ మీదట విశ్వకర్మ అల్లుడి తేజస్సును సానపట్టి ఎనిమిదో వంతు తగ్గించాడని, ఆ చెక్కిన తునకలతోనే విష్ణుచక్రం, శివుడి త్రిశూలం వంటివి చేశాడని విష్ణుపురాణం చెబుతుంది. అంటే ఒకే తండ్రికి మనుషుల మూలపురుషుడు, ధర్మం చూసేవాడు, వైద్యులు, ఒక నది కూడా బిడ్డలే. ఇందులో యముణ్ణి ఒక్కణ్ణే ఏరి భయపడటం దేనికి? ఆ మాటకొస్తే మన ఊళ్ళలో యమున అనే పేరును ఆడపిల్లలకు హాయిగా పెట్టుకుంటున్నాం. ఆవిడ యముడికి తోబుట్టువే.

అరసవల్లి వెళ్ళినప్పుడు గర్భాలయంలో స్వామి పక్కన దేవేరులను గమనించండి. ఉష, పద్మ, ఛాయ అని పూజారులు చెబుతారు. ఉష ఉన్న చోట వివస్వంతుడు అనే పేరు ఎంత సహజంగా అమరుతుందో పై టపాలో చంపావతి గారు చెప్పిన ధాతువును బట్టి తెలుస్తుంది. మార్చి రెండో వారంలోనూ అక్టోబరు మొదటి రోజుల్లోనూ ఉదయపు ఎండ నేరుగా లోపలికి వచ్చి స్వామి పాదాలను తాకే ఆలయంలో, ‘వెలుగు పరుచుకుంటూ ఉదయించేవాడు’ అనే పేరుకు వేరే వ్యాఖ్యానం అవసరం లేదు.

బాబు భాద్రపదంలో పుట్టాడన్నారు కదా, దానికి తగిన మాట ఒకటి ఉంది. ద్వాదశాదిత్యులు నెలకొకరుగా లోకాన్ని నడుపుతారని భాగవతం పన్నెండో స్కంధంలో చెప్పబడింది. చైత్రానికి ధాత, వైశాఖానికి అర్యముడు, ఇలా సాగుతూ భాద్రపద మాసానికి వచ్చేసరికి ఆదిత్యుడు వివస్వంతుడే. మీ మామగారు ఇది చూసే సూచించారో, అమరకోశం తెరిస్తే దొరికిందో నాకు తెలియదు గాని, మాసానికి సరిగ్గా సరిపోయింది. నక్షత్రాక్షరానికీ మాసానికీ కూడా ఒకే పేరు కుదరడం తరచుగా జరిగేది కాదు.

చంపావతి (విజయనగరం)

వివస్త్ర సంగతి కూడా ఇక్కడే తేల్చేద్దాం. అమ్మగారన్నట్టు పిల్లల అల్లరిని ఆపడం ఎవరి తరమూ కాదు. అయితే రెండు మాటల్లోనూ ‘వి’ ఒకటే అయినా అది చేసే పని వేరు. వియోగం, వికలం, వివస్త్రం అన్నప్పుడు లేకపోవడాన్ని చెబుతుంది. విఖ్యాతి, విస్తారం, విజయం అన్నప్పుడు మిక్కిలిగా ఉండటాన్ని చెబుతుంది. వివస్వాన్ ఈ రెండో వరసలోది.

దీనికంటే పెద్ద ప్రమాదం ఉచ్చారణలో ఉంది. మన వైపు సకారాన్ని శకారంగా పలికేవారు చాలామంది ఉన్నారు. ‘వివశ్వాన్’ అని పలికినా రాసినా, అది ‘వివశుడు’ అనే మాటకు దగ్గరగా పోతుంది. వివశుడంటే తన వశంలో తాను లేనివాడు. కాబట్టి బడిలో చేర్చేటప్పుడు మొదటి రోజునే ఉపాధ్యాయులకు స్పష్టంగా ‘స’ అని చెప్పి రాయించడం మంచిది.

టెక్కలి

ఈ చర్చలో ఇరాన్ ప్రస్తావన రాలేదేమిటా అని చూస్తున్నాను. భాషల చరిత్ర మీద ఆసక్తి ఉన్నవాళ్ళకు ఈ పేరు ఒక నిధి లాంటిది. పారశీకుల పవిత్ర గ్రంథమైన అవెస్తాలో ‘వీవంగ్హ్వంత్’ అనే పురుషుడు ఉన్నాడు. యస్న అనే భాగం తొమ్మిదో అధ్యాయంలో, హౌమ రసాన్ని మొట్టమొదట పిండిన మానవుడు ఇతడేననీ, దానికి ఫలంగా ఇతడికి ‘యిమ’ అనే కొడుకు పుట్టాడనీ చెప్పబడింది. హౌమ అంటే మన సోమమే, యిమ అంటే మన యముడే, వీవంగ్హ్వంత్ అంటే వివస్వంతుడే. సంస్కృత సకారం అవెస్తా భాషలో చాలాచోట్ల హకారంగా మారుతుందని తెలిస్తే పోలిక వెంటనే పట్టుబడుతుంది. తరవాతి కాలపు పారశీక సాహిత్యంలో ప్రసిద్ధుడైన జంషీద్ రాజు ఈ యిమనే.

దీనివల్ల తేలేది ఏమంటే, వేదం చెప్పినవారి పూర్వీకులు, అవెస్తా చెప్పినవారి పూర్వీకులు ఇంకా ఒకే జనంగా ఉన్న రోజుల నాటికే ఈ తండ్రీకొడుకుల పేర్లు వాడుకలో ఉన్నాయి. సూర్యుడికి ఉన్న పేర్లలో దివాకరుడు, ప్రభాకరుడు వంటివి అర్థం చూసి తరవాత అల్లిన మాటలు. వివస్వాన్, మిత్రుడు, అర్యముడు మాత్రం ఆ ఉమ్మడి కాలానికి చెందినవి. పైగా అవెస్తాలో వీవంగ్హ్వంతుడు దేవుడు కాదు, మనిషి. ‘మనుషులకు పెట్టుకోదగిన పేరేనా’ అనే మీ రెండో ప్రశ్నకు ఇదొక విచిత్రమైన సమాధానం.

బొబ్బిలి వీణ

టెక్కలి గారు చెప్పినది చాలా బాగుంది. మన వేదంలోనూ ఆయన సూటిగా సూర్యబింబమే అని ప్రతిచోటా అనిపించదు. ఋగ్వేదం పదో మండలంలో త్వష్ట కూతురి పెళ్ళి సూక్తంలో ‘యమస్య మాతా పర్యుహ్యమానా మహో జాయా వివస్వతో ననాశ’ అని ఉంది. గొప్పవాడైన వివస్వంతుడి భార్య, యముడి తల్లి, పెళ్ళి జరుగుతూ ఉండగానే మాయమైపోయిందని దాని భావం. వేదంలో ఆవిడ పేరు సరణ్యువు. వంశధార గారు చెప్పిన సంజ్ఞ కథకు ఇదే విత్తనం.

రామాయణంలో సీతమ్మ పెళ్ళికి ముందు వసిష్ఠుడు జనకుడి సభలో మగపెళ్ళివారి వంశం చదువుతాడు. కశ్యపుడి తరవాత వివస్వంతుడు, ఆయన కొడుకు వైవస్వత మనువు, మనువు కొడుకు ఇక్ష్వాకువు, అలా రాముడి దాకా వస్తుంది. రామతీర్థం వెళ్ళే విజయనగరం వాళ్ళకు ఇది ఇంటి చుట్టరికం లాంటి పేరు అనుకోవచ్చు.

సోంపేట కొబ్బరి

గీతలో నాలుగో అధ్యాయం మొదటి శ్లోకాన్ని ఎవరూ ఎత్తుకోలేదు. ‘ఇమం వివస్వతే యోగం ప్రోక్తవానహమవ్యయమ్’. ఈ యోగాన్ని మొదట వివస్వంతుడికి చెప్పాను, ఆయన మనువుకు, మనువు ఇక్ష్వాకువుకు చెప్పారని కృష్ణుడు అంటాడు. వెంటనే అర్జునుడు, నువ్వేమో నిన్న గాక మొన్న పుట్టినవాడివి, వివస్వంతుడేమో ఎప్పటివాడో, ఎలా నమ్మమంటావు అని అడుగుతాడు. అంటే భగవద్గీతకు మొదటి శ్రోత ఈ పేరు గలవాడే. బాబుకు పెద్దయ్యాక చెప్పుకోవడానికి ఇంతకు మించినది ఏముంటుంది?

ఇంగ్లీషు అక్షరాల మొత్తం ఎంత వస్తుందో సంఖ్యాశాస్త్రం ప్రకారం చూసుకుని, అవసరమైతే ఒక అక్షరం పెంచుకోమని కూడా సలహా ఇస్తున్నాను.

చర్చా నిర్వాహకుడు

సంఖ్యాశాస్త్రానికి వేరే విభాగం ఉంది. ఇక్కడ పేరు అర్థం, పుట్టుక, రూపం వరకే ఉంచవలసిందిగా మనవి.

నాగావళి గట్టు (శ్రీకాకుళం)

అందరికీ కృతజ్ఞతలు. పర్లాకిమిడి రోడ్డు అమ్మగారి మాటే మా అత్తగారు కూడా అన్నారు, సరిగ్గా అదే తర్పణం చెప్పి. వంశధార గారి టపా ఆవిడకు చదివి వినిపించాను. యమున పేరు దగ్గరకు వచ్చేసరికి ఆవిడ నవ్వేసి ఊరుకున్నారు, వాళ్ళ చెల్లెలి పేరు యమునే.

ఇక మిగిలింది రూపం. మా మామగారు వివస్వాన్ అంటారు. మా తమ్ముడు వివస్వంత్ అంటే పలకడానికి సులువని వాదిస్తున్నాడు. ఆదిత్య హృదయంలో ‘వివస్వంతం’ అనే ఉంది కాబట్టి అదే అసలు పేరని వాడి పట్టు.

చంపావతి (విజయనగరం)

మీ తమ్ముడి పట్టులో సగం న్యాయం ఉంది. ఆదిత్య హృదయంలోని ‘వివస్వంతం’ ద్వితీయా విభక్తి, వివస్వంతుణ్ణి పూజించు అని. గీతలోని ‘వివస్వతే’ చతుర్థి, వివస్వంతుడికి చెప్పాను అని. వేదంలోని ‘వివస్వతః’ షష్ఠి, వివస్వంతుడి భార్య అని. ప్రథమా విభక్తిలో మాత్రం ‘వివస్వాన్’ అవుతుంది. సంస్కృత వాక్యంలో కర్తగా నిలబడినప్పుడు ఆయన పేరు అదే కాబట్టి, మీ మామగారు చెప్పినది నిర్దుష్టమైన రూపం. సంబోధనలో ‘వివస్వన్’ అని హ్రస్వం వస్తుంది. పెద్దయ్యాక ఎవరైనా సంస్కృతంలో ఉత్తరం రాస్తే తప్ప దాని అవసరం రాదనుకోండి.

తెలుగు తత్సమంగా చేసుకుంటే ‘వివస్వంతుడు’ అవుతుంది. జాంబవాన్ మనకు జాంబవంతుడు అయ్యాడు, హనుమాన్ హనుమంతుడు అయ్యాడు, భగవాన్ భగవంతుడు అయ్యాడు. ఆ దారిలో ఇదీ నడుస్తుంది. చివరి ‘డు’ను తీసేసి వివస్వంత్ అనడం యశ్వంత్ వంటి ఉత్తరాది పేర్ల పోకడ. తప్పని అనను గాని, యశ్వంత్‌కు జరిగినట్టే దీనికీ మధ్యలో సకారం జారిపోయే ప్రమాదం ఉంది. యశస్వంత్‌లోంచి ఒక ‘స్’ పోయి యశ్వంత్ మిగిలింది చూడండి. వివస్వంత్‌లో అది పోతే మిగిలేది వివ్వంత్.

వివస్వత్ అని రాస్తే నాకు కొరుకుడు పడదు. అది విభక్తి చేరకముందు ఉండే ప్రాతిపదిక, నిఘంటువులో శబ్దాన్ని చూపించడానికి పనికివస్తుంది. ఇటీవల ‘వైవస్వత్’ అని పెడుతున్నవారు కూడా ఉన్నారు. దానికి వివస్వంతుడి కొడుకు అని అర్థం. తాతగారి సూర్యనామం మునిమనవడికి రావాలనుకున్నవారికి సూర్యుడి పేరు పెట్టడమే పద్ధతి, ఆయన కొడుకు పేరు కాదు. కాబట్టి నా ఓటు వివస్వాన్‌కే. రాసేటప్పుడు ‘స’ కింద వ వత్తు, దానికి దీర్ఘం. బియ్యంలో ఆ వత్తుకు చోటు చాలదు కాబట్టి పళ్ళెం కాస్త పెద్దది తీసుకోండి.

గజపతినగరం రైలు

నేను స్థానిక సంస్థలో జనన మరణాల నమోదు పనిలో ఉన్నవాణ్ణి. పేరు సంగతి పెద్దలు తేల్చారు, కాగితం సంగతి నేను చెబుతాను. జననాన్ని 21 రోజుల్లోగా తెలియజేస్తే రుసుము ఉండదు. అప్పటికి పేరు నిశ్చయం కాకపోయినా నమోదు ఆపనక్కరలేదు. 1969 నాటి జనన మరణాల నమోదు చట్టం పద్నాలుగో సెక్షన్ ప్రకారం పేరు లేకుండా నమోదు చేయించి, తరవాత చేర్పించుకోవచ్చు. పన్నెండు నెలల లోపల అయితే ఉచితం, ఆ తరవాత పదిహేనేళ్ళ దాకా ఆలస్య రుసుముతో చేరుస్తారు. చాలామంది బారసాల హడావుడిలో ఏదో ఒక రూపం రాయించేసి, ఆధార్ తీసుకునేటప్పుడు మరో రూపం చెప్పి, పదో తరగతి ధ్రువపత్రం దగ్గర తల పట్టుకుంటారు.

ఈ పేరులో చిక్కు తెచ్చేది ఇంగ్లీషు స్పెల్లింగే. తెలుగు ‘వ’కు ఒకరు వి అక్షరం రాస్తారు, ఒకరు డబ్ల్యూ రాస్తారు. ఈ పేరులో ‘వ’ మూడుసార్లు వస్తుంది కాబట్టి ఒక్కో కార్యాలయంలో ఒక్కో కలగూరగంప తయారవుతుంది. మొదటి రెండిటికీ వి, ‘స్వా’లో ఉన్నదానికి డబ్ల్యూ రాయడం మన వైపు గుమస్తాలకు అలవాటు, స్వామి, సరస్వతి అని రాసే పద్ధతిలో. అది తప్పు కాదు. మీరు ఏది రాసినా ఒక కాగితం మీద పెద్ద అక్షరాలతో రాసి ఇవ్వండి, నోటితో చెప్పి రాయించకండి. దీర్ఘానికి రెండు ఏలు పెట్టాలా ఒకటి పెట్టాలా అనేది కూడా ముందే ఇంట్లో తేల్చుకుని రండి.

పర్లాకిమిడి రోడ్డు

వంశధార గారు చెప్పినది చదివాను, నాకు సమ్మతమే. అయినా ఒక మాట. మన ఊళ్ళలో పేర్లు దేవుణ్ణి బట్టే ఉన్నా, నోటికి వచ్చేలా ఉంటాయి. శ్రీకూర్మం వైపు కూర్మారావులు, సింహాచలం మొక్కుకున్నవాళ్ళకు అప్పన్నలు, విజయనగరంలో పైడితల్లమ్మ పేరు మీద పైడిరాజులు, అరసవల్లి స్వామి పేరు మీద సూర్యనారాయణలు, ఆదినారాయణలు. ఈ పిల్లవాణ్ణి వాళ్ళ మామ్మ ఏమని పిలుస్తుంది? పళ్ళు లేని నోటితో ఆ ‘స్వా’ పలకమంటే ఎలా?

వంశధార

దానికి శాస్త్రమే వెసులుబాటు ఇచ్చింది అమ్మా. నామకరణంలో నక్షత్రనామం, మాసనామం, వ్యవహారనామం అని వేరువేరుగా చెబుతాం. వ్యవహారానికి వివస్వాన్ ఉంచి, మామ్మగారు సూరిబాబు అని పిలుచుకున్నా అది కూడా సూర్యుడి పేరే కదా. మా వైపు చాలా ఇళ్ళలో ఇలా రెండు పేర్లు నడుస్తూనే ఉన్నాయి.

కొత్తూరు కుర్రాడు

చిన్న ప్రశ్న. మా అక్కకు పాప పుట్టింది, ఆమెది కూడా రోహిణే. ఈ పేరుకు స్త్రీలింగం ఉందా?

చంపావతి (విజయనగరం)

‘వివస్వతి’. నేను మొదటి టపాలో ఉషస్సుకు విశేషణంగా వచ్చిందన్నది ఈ రూపమే, ఋగ్వేదం మూడో మండలంలో కనబడుతుంది. సూర్యుడి నగరానికి కూడా వివస్వతి అనే పేరు నిఘంటువుల్లో ఉంది. సరస్వతి అనే పేరు పలికిన ప్రతివారూ దీన్ని కష్టం లేకుండా పలకగలరు. కాకపోతే మీ అక్కగారి పాపకు ఏ పాదమో అడగండి, ‘వి’ మూడో పాదానికే వస్తుంది.

నాగావళి గట్టు (శ్రీకాకుళం)

వివస్వాన్ అనే నిశ్చయించాం. మా తమ్ముడు కూడా ఒప్పుకున్నాడు. ఇంగ్లీషులో చివరిదానికే డబ్ల్యూ పెట్టి, దీర్ఘానికి ఒక్క ఏ మాత్రమే రాయాలనుకున్నాం. కాగితం మీద రాసి ఇస్తాను. అత్తగారు అప్పుడే సూరి అని పిలవడం మొదలుపెట్టారు.